24 కిలోబైట్ల మైదానం: తొలి హోమ్ కన్సోళ్లలో బేస్‌బాల్

అందరికీ నమస్కారం. ముందు తెర మీదున్న అంకె చూడండి. 24,576. నింటెండో సంస్థ 1983 డిసెంబరు 7న జపాన్‌లో ఫ్యామికామ్ అనే తన కన్సోల్ కోసం విడుదల చేసిన ‘బేస్‌బాల్’ ఆట మొత్తం ఇన్ని బైట్లలోనే ఉంది. అందులో 16,384 బైట్లు ప్రోగ్రాం, మిగతా 8,192 బైట్లు బొమ్మలు. పొద్దున్నే మీ ఫోనుకి వచ్చే గుడ్‌మార్నింగ్ ఫోటో ఒక్కటి దీనికి ఎన్నో రెట్లు ఉంటుంది.

ఇంత చిన్న చోట తొమ్మిదిమంది ఆడే ఆట ఎలా పట్టింది? దానికి జవాబు దొరకాలంటే రాసినవాళ్లు ఏం వదిలేశారో చూడాలి. తొలి కన్సోళ్ల మీద వచ్చిన ప్రతి బేస్‌బాల్ ఆటా అసలు ఆటలోంచి ఏదో ఒకటి తీసేసింది. ఏది తీసేయాలో ఎంచుకోవడంలోనే వాళ్ల పనితనం ఉంది. ఈరోజు నేను మాట్లాడేది దాని గురించే. చివర్లో, ఇవాళ ఈ ఆటల్ని సరిగ్గా ఆడాలంటే వైర్లు, పవర్, టీవీ సంగతి ఏం చూసుకోవాలో కూడా చెబుతాను.

క్రికెట్ తెలిసినవాళ్లకి రెండు మాటల్లో బేస్‌బాల్ చెప్పేస్తాను. బౌలర్ స్థానంలో పిచర్ ఉంటాడు. బంతి నేలను తాకకుండా నేరుగా బ్యాటర్ దగ్గరికి వస్తుంది. బ్యాటర్ నిలబడే చోటు హోమ్. అక్కణ్ణించి కుడివైపు మొదటి బేస్, ఎదురుగా దూరంగా రెండోది, ఎడమవైపు మూడోది. నాలుగూ చుట్టి హోమ్‌కి వస్తే ఒక పరుగు. మంచి బంతిని కొట్టకుండా వదిలేసినా, బ్యాట్ ఊపి తప్పినా ఒక స్ట్రైక్. మూడు స్ట్రైకులకి బ్యాటర్ ఔట్, నాలుగు చెడ్డ బంతులు పడితే ఊరికే మొదటి బేస్‌కి వెళతాడు. ముగ్గురు ఔటైతే అవతలి జట్టు బ్యాటింగ్‌కి వస్తుంది. ఇలా తొమ్మిది ఇన్నింగ్స్.

ఇప్పుడు ప్రోగ్రాం రాసేవాడి కళ్లతో లెక్కపెట్టండి. ఫీల్డర్లు 9, బ్యాటర్ 1, బేసుల మీద రన్నర్లు 3 వరకు, బంతి 1. మొత్తం 14 కదిలే వస్తువులు. ఈ 14 అనే అంకె గుర్తుపెట్టుకోండి.

దీన్ని 1977లో వచ్చిన అటారి వీసీఎస్, అంటే తర్వాత 2600 అని పిలిచిన యంత్రం మీద పెట్టి చూద్దాం. అందులో ర్యామ్ 128 బైట్లు. కిలోబైట్లు కాదండీ, బైట్లే. తెర బొమ్మని దాచుకునే మెమరీ అసలు లేదు. టీవీలో గీత గీయబడుతున్నప్పుడే ప్రోగ్రాం ఆ గీతలో ఏముండాలో చిప్‌కి చెబుతూ పోవాలి. ఒక్కో గీతకి దొరికే సమయం 76 సైకిళ్లు, అంటే ప్రాసెసర్ గడియారం 76 సార్లు కొట్టుకునేంత. ఒక్కో ఆదేశానికి రెండు నుంచి ఏడు సైకిళ్లు పోతాయి. అంటే పాతిక ఆదేశాలు పూర్తయ్యేలోపు కింది గీత వచ్చేస్తుంది. టీఐఏ అనే చిప్ చూపగలిగే కదిలే వస్తువులు ఐదే: ఎనిమిది చుక్కల వెడల్పున్న రెండు బొమ్మలు, రెండు మిసైళ్లు, ఒక బంతి.

14 కావాలి, ఉన్నవి 5. బాబ్ వైట్‌హెడ్ 1978లో ‘హోమ్ రన్’ రాసినప్పుడు చేతిలో ఉన్నది ఇదే. క్యాట్రిడ్జ్ సైజు రెండు కిలోబైట్లు. ఆయన వాడుకున్న దారి ఇది. టీఐఏలో ఒక రిజిస్టర్ ఉంది, దాంట్లో విలువ మారిస్తే ఒకే బొమ్మ అదే గీత మీద పక్కపక్కన రెండుగానో మూడుగానో కనిపిస్తుంది. ప్రోగ్రాంకి అదనంగా ఒక్క సైకిల్ కూడా ఖర్చు కాదు. అందుకే ఆ ఆటలో ఫీల్డర్లందరూ ఒక్కసారే ఒకేవైపు కదులుతారు. జాయ్‌స్టిక్ ఎడమకి తోస్తే అందరూ ఎడమకే. ఆ స్క్రీన్‌షాట్ చూసి ఇవాళ నవ్వేవాళ్లు చాలామంది ఉన్నారు, నాకది అన్యాయం అనిపిస్తుంది. ఒక్కొక్కరినీ విడిగా నడపడం వదిలేసి, ఫీల్డింగ్ అనే అనుభవాన్ని మాత్రం నిలబెట్టాడాయన. పైగా పిచర్ చేతిలోంచి వదిలాక కూడా జాయ్‌స్టిక్‌తో బంతిని వంచొచ్చు. బ్యాటర్‌ని మోసం చేసే ఆ సరదా రెండు కిలోబైట్లలో దక్కింది. బంతికి బ్యాట్ తగిలిందా లేదా అని లెక్కలు వేయక్కర్లేదు, రెండు వస్తువులు తెరమీద ఒకే చుక్కని పంచుకుంటే టీఐఏ తనే గుర్తుపెట్టుకుంటుంది. ప్రోగ్రాం ఆ ఒక్క బిట్ చూసుకుంటే చాలు.

మాటెల్ ఇంటెలివిజన్ దగ్గర ఎక్కువసేపు ఆగను. 1980లో డేవిడ్ రోల్ఫ్ రాసిన ‘మేజర్ లీగ్ బేస్‌బాల్’ ఆ కన్సోల్‌కి అన్నిటికంటే ఎక్కువ అమ్ముడైన క్యాట్రిడ్జ్, పది లక్షలు దాటింది. యంత్రంలో కదిలే వస్తువులు ఎనిమిది. కంట్రోలర్ మీద టెలిఫోనుకి ఉన్నట్టు 12 మీటలు, వాటిమీద మైదానం బొమ్మ ముద్రించిన ప్లాస్టిక్ షీటు. ఏ ఫీల్డర్ కావాలంటే ఆ మీట నొక్కడమే. ఇక్కడ వదిలేసింది గాల్లోకి లేచే బంతిని. కొట్టిన ప్రతి బంతీ నేలమీదే పోతుంది, కాబట్టి క్యాచ్ ఔట్ అనేది లేదు. కంప్యూటర్ ప్రత్యర్థి కూడా లేదు, ఇద్దరు ఉండాల్సిందే. 1983లో ఇదే యంత్రానికి డాన్ డాగ్లో, ఎడ్డీ డాంబ్రోవర్ చేసిన ‘వరల్డ్ సిరీస్ మేజర్ లీగ్ బేస్‌బాల్’ టీవీ ప్రసారంలో లాగా కెమెరా కోణాలు మార్చి చూపింది. ఈ రెండిటి మధ్య తేడా ఒక్కటే ఓ గంట మాట్లాడదగ్గ విషయం. ఇప్పటికి వదిలేస్తున్నాను.

మన అసలు ఆటకి వద్దాం.

ఫ్యామికామ్ బొమ్మల చిప్ 64 స్ప్రైట్లు, అంటే కదిలే చిన్న బొమ్మలు, చూపగలదు. ఒక్కోటి ఎనిమిది చుక్కల వెడల్పు. 14 వస్తువులకి 64 అంటే ధారాళంగా ఉన్నట్టే కదా? చిక్కు ఇంకోచోట ఉంది. టీవీలో అడ్డంగా పోయే ఒక్కో గీత మీద ఎనిమిది స్ప్రైట్లే కనిపిస్తాయి. తొమ్మిదోది మాయం. మనిషి బొమ్మ 16 చుక్కల వెడల్పుంటే ఒక్కో మనిషికి గీతకి రెండు స్ప్రైట్లు పోతాయి. నలుగురు ఒకే ఎత్తులో నిలబడితే కోటా అయిపోయింది. బేస్‌బాల్‌లో మొదటి బేస్, మూడో బేస్ తెరమీద సరిగ్గా ఒకే ఎత్తులో ఉంటాయి. అక్కడ ఇద్దరు ఫీల్డర్లు, ఇద్దరు రన్నర్లు, మధ్యలో పిచర్, పైగా బంతి. ఆట రసపట్టులో పడే చోటే యంత్రం చేతులెత్తేస్తుంది.

దీనికి ఆ కాలంలో అందరూ వాడిన ఉపాయం, స్ప్రైట్ల జాబితాలో వరస ఫ్రేముకోసారి మార్చడం. ఈ ఫ్రేములో మాయమైన బొమ్మ వచ్చే ఫ్రేములో కనిపిస్తుంది, ఇంకొకటి మాయమవుతుంది. సెకనుకి 60 సార్లు ఇలా జరిగితే కంటికి మిణుకుమిణుకుమంటూ కనిపిస్తుందే తప్ప మనిషి పూర్తిగా పోడు. పాత ఆటల్లో బొమ్మలు రెపరెపలాడితే క్యాసెట్ పాడైందనుకునేవాళ్లం. అది తెలిసి చేసిన పని. ఇవాళ ఎమ్యులేటర్లలో, అంటే కంప్యూటర్ని పాత యంత్రంలా నడిపించే ప్రోగ్రాంలలో, ‘స్ప్రైట్ పరిమితి తీసెయ్’ అనే ఆప్షన్ ఉంటుంది, అది నొక్కితే రెపరెప పోతుంది. ఆడుకోవడానికైతే నొక్కుకోండి, ఆ యంత్రాన్ని అర్థం చేసుకోవడానికైతే వద్దు.

ఇక నింటెండో వాళ్లు వదిలేసినదేమిటి? ఫీల్డర్లని మన చేత నడిపించడం. బంతి కొట్టగానే ఫీల్డర్లు వాళ్లంతట వాళ్లే పరిగెడతారు. మన పని బంతి అందాక ఎక్కడికి విసరాలో చెప్పడమే. నెమ్మదిగా పరిగెడతారని, పక్కనుంచి బంతి పోతున్నా చూస్తూ ఉంటారని చాలామందికి కోపం. ఆ కోపం న్యాయమైనదే. కానీ దీనివల్ల దక్కిందేమిటో కూడా చూడాలి.

ఈ స్లైడు చూడండి. ఎడమవైపు కంట్రోలర్ మీది ప్లస్ ఆకారం మీట, కుడివైపు బేస్‌బాల్ మైదానం. హోమ్ కింద, మొదటి బేస్ కుడి, రెండోది పైన, మూడోది ఎడమ. రెండూ ఒకటే ఆకారం! మొదటి బేస్‌కి విసరాలంటే కుడి మీట పట్టుకుని ఎ బటన్, రెండోదానికి పై మీట, మూడోదానికి ఎడమ, హోమ్‌కి కింద మీట. వివరణ పుస్తకం చదవని పిల్లాడికి కూడా ఒక్క ఇన్నింగ్స్‌లో చేతికి వచ్చేస్తుంది. ఇంటెలివిజన్‌కి 12 మీటలూ ప్లాస్టిక్ షీటూ కావలసివచ్చిన పని ఇక్కడ ఒక మీట, ఒక బటన్‌తో అయిపోయింది. ఆ తర్వాత వచ్చిన బేస్‌బాల్ ఆటలు కూడా ఈ పద్ధతినే పట్టుకున్నాయి. ఈ ఆటలో నాకు అన్నిటికంటే నచ్చేది ఇదే.

ఇక్కడ తప్పు ఎక్కడ జరుగుతుందో చెబుతాను. కంట్రోలర్ లోపల ఒక షిఫ్ట్ రిజిస్టర్ చిప్ ఉంది. ఎ, బి, సెలెక్ట్, స్టార్ట్, పై, కింద, ఎడమ, కుడి, ఈ వరసలో ఎనిమిది బిట్లు ఒకదాని వెనక ఒకటి పంపుతుంది. మీట కింద రబ్బరు పొర, దానికి కార్బన్ బిళ్లలు. రబ్బరు అరిగిపోతే కుడి నొక్కినప్పుడు పై బిట్ కూడా లేస్తుంది. మీరు మొదటి బేస్‌కి అనుకున్నది ఇంకో బేస్‌కి పోవచ్చు. బ్యాటర్ హాయిగా బేస్ చేరిపోతాడు, తప్పు ఆటదని అందరూ అంటారు. కంట్రోలర్ వెనక స్క్రూలు విప్పి, కార్బన్ బిళ్లలనీ సర్క్యూట్ బోర్డు మీది నల్లటి గళ్లనీ ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో మెత్తగా తుడవండి. ఇసుక కాగితం పెట్టొద్దు, ఆ నల్ల పూత లేచిపోతుంది. అప్పటికీ మారకపోతే రబ్బరు పొర కొత్తది వేయాలి.

పిచింగ్‌కి వస్తే, కింద మీట పట్టి ఎ నొక్కితే వేగం బంతి, పై మీటతో నెమ్మది బంతి, పక్క మీటలతో వంపు. అమెరికా విడుదలలో జట్లకి ఎ, సి, డి, పి, ఆర్, వై అని అక్షరాలే పేర్లు. ఆటగాళ్లకి పేర్లు లేవు. జట్టు మారిస్తే రంగు మారుతుంది, బలం మారదు. కాబట్టి గెలుపోటములు పూర్తిగా ఇద్దరి మధ్య ఉన్న ఆ బంతి మీదే ఆధారపడతాయి. మూడు నెమ్మది బంతులు వేసి నాలుగోది వేగంగా వేస్తే ఎదుటివాడి బ్యాట్ ఆలస్యంగా తిరుగుతుంది. మీరు బ్యాటింగ్‌లో ఉంటే పిచర్ చేతిని చూడొద్దు, బంతి సగం దూరం వచ్చాకే నిర్ణయించుకోండి. చాలామంది మొదట్లో ప్రతి బంతికీ బ్యాట్ ఊపుతారు. బయటికి పోయే బంతుల్ని వదిలేస్తే నాలుగోదానికి ఊరికే బేస్ దొరుకుతుంది కదా.

ఇప్పుడు గాల్లోకి లేచే బంతి. ఎనిమిది బిట్ల 6502 జాతి ప్రాసెసర్‌కి గుణకారం రాదు, భాగహారం రాదు. కూడిక, తీసివేత, అంతే. అయినా బంతి వంపు తిరిగి పడాలి. దీనికి వాడే పద్ధతి ఒక ఉదాహరణతో చెబుతాను. ఈ అంకెలు నేను వేసుకున్నవి, ఏ ఆట కోడ్‌లోనివీ కావు. చుక్కని 256 భాగాలు చేసుకోండి. బంతి పైకి లేచే వేగం ఫ్రేముకి మూడు చుక్కలు, అంటే 768. ప్రతి ఫ్రేములో ఎత్తుకి వేగాన్ని కలపండి, వేగంలోంచి 12 తీసేయండి. 64 ఫ్రేములకి వేగం సున్నా అవుతుంది, అప్పటికి బంతి సుమారు 96 చుక్కల ఎత్తులో ఉంటుంది. ఇంకో 64 ఫ్రేములకి నేలమీద పడుతుంది. మొత్తం 128 ఫ్రేములు, రెండు సెకన్లకి కాస్త ఎక్కువ. ఒక్క గుణకారం లేకుండా భూమ్యాకర్షణ వచ్చేసింది.

అయితే తెర చదునుగా ఉంటుంది. బంతి తెరమీద పైకి పోతోందంటే ఎత్తుకి లేస్తోందా, దూరంగా పోతోందా? కంటికి తెలియదు. దీనికి మందు నీడ. నామ్కో వాళ్లు 1986 డిసెంబరు 10న విడుదల చేసిన ‘ప్రో యాక్యూ ఫ్యామిలీ స్టేడియం’లో బంతి కింద నేలమీద ఒక నీడ జరుగుతుంటుంది. బంతి ఎక్కడుందో వదిలేసి నీడని వెంటాడాలి. నీడ, బంతి కలిసే చోటే బంతి పడే చోటు. ఒకే ఒక్క అదనపు స్ప్రైట్‌తో మైదానానికి మూడో దిక్కు వచ్చింది. ఫీల్డర్ని మన చేత నడిపించే ఆటకి ఇది లేకపోతే కుదరదు.

యోషిహిరో కిషిమోతో రూపొందించిన ఆ ఆట ఇంకో పని చేసింది, ప్రతి ఆటగాడికీ వేర్వేరు బలం ఇచ్చింది. ఒకడు గట్టిగా కొడతాడు, ఒకడు వేగంగా పరిగెడతాడు, పిచర్ బంతులు వేస్తున్నకొద్దీ అలిసిపోతాడు. దీనికి చోటెంత కావాలో వేసి చూడండి. పేరుకీ గుణాలకీ కలిపి ఒక్కొక్కరికి పది బైట్లు అనుకుందాం. జట్టుకి 16 మంది, పది జట్లు అనుకుంటే 1,600 బైట్లు. 16,384 బైట్ల ప్రోగ్రాంలో ఇది పదో వంతు. 1983 నాటి క్యాట్రిడ్జ్‌లో ఆ చోటు కోసం వేరే ఏదో తీసేయాలి. 1986కి క్యాట్రిడ్జ్‌లో రోమ్ పెరిగింది, ఆటగాళ్లకి వ్యక్తిత్వం వచ్చింది.

అదే ఆట 1988లో అమెరికాలో టెంగెన్ అనే సంస్థ పేరుమీద ‘ఆర్.బి.ఐ. బేస్‌బాల్’గా వచ్చింది. ఆటగాళ్ల సంఘం నుంచి అనుమతి ఉంది కాబట్టి అసలు పేర్లు ఉన్నాయి, లీగ్ నుంచి లేదు కాబట్టి జట్లకి ఊరి పేర్లే. మొదట నింటెండో లైసెన్స్‌తో బూడిదరంగు క్యాట్రిడ్జ్‌లో, తర్వాత లైసెన్స్ లేకుండా నల్ల క్యాట్రిడ్జ్‌లో. లైసెన్స్ లేని క్యాట్రిడ్జ్‌లని ఆడనివ్వని నింటెండో తాళపు చిప్‌ని దాటడానికి నల్లదాంట్లో ‘ర్యాబిట్’ అనే సొంత చిప్ పెట్టారు. కోర్టు దాకా వెళ్లిన ఆ వ్యాజ్యంలో 1992లో అప్పీలు కోర్టు నింటెండోకి అనుకూలంగా చెప్పింది.

ఇప్పుడొకరు మంచి ప్రశ్న అడిగారు. తొంభైల్లో మన ఊళ్లలో టీవీకి పెట్టి ఆడిన వీడియో గేమ్‌లో ఇదే ఆట ఉండేదనీ, యూట్యూబ్‌లో చూస్తే మాత్రం వేగంగా కనిపిస్తోందనీ. మీరు గమనించింది నిజం. మనకి దొరికినవి ఫ్యామికామ్ నకలు యంత్రాలు. ‘బేస్‌బాల్’కి క్యాట్రిడ్జ్‌లో అదనపు చిప్పులేవీ అక్కర్లేదు, అందుకే వందల ఆటల క్యాసెట్లలోకి సులువుగా ఎక్కింది. జపాన్, అమెరికా టీవీలు ఎన్‌టీఎస్‌సీ పద్ధతిలో సెకనుకి 60 ఫీల్డులు చూపేవి, మనవి పాల్ పద్ధతిలో 50. ఆట ఫ్రేములు లెక్కపెట్టి నడుస్తుంది, కాబట్టి మనదగ్గర ఆరింట ఐదు వంతుల వేగంతో నడిచింది. జపాన్‌లో 40 ఫ్రేముల బంతి 0.67 సెకన్లకి బ్యాటర్ని చేరితే మనదగ్గర 0.8 సెకన్లకి. పాట కూడా అంతే నెమ్మది. శ్రుతి మాత్రం దాదాపు మారదు, ఎందుకంటే నకలు చిప్ గడియారం 1.77 మెగాహెర్ట్జ్, అసలుది 1.79. ఎమ్యులేటర్లో ఆ చిన్ననాటి వేగం కావాలంటే రీజియన్‌ని ‘డెండీ’ అని పెట్టుకోండి. అసలు ఆట కావాలంటే ‘ఎన్‌టీఎస్‌సీ’.

అసలు యంత్రం కొనేవాళ్లకి కొన్ని జాగ్రత్తలు. జపాన్ ఫ్యామికామ్ అడాప్టర్ 100 వోల్టులది, మన గోడ ప్లగ్గులో పెడితే మాడిపోతుంది. అది ఇచ్చేది 10 వోల్టుల డీసీ, 850 మిల్లీ ఆంపియర్లు, పిన్ను మధ్యలో మైనస్. కోఠి గుజరాతీ గల్లీలో మామూలుగా దొరికే అడాప్టర్లలో ఎక్కువ వాటికి మధ్యలో ప్లస్ ఉంటుంది. కొనేముందు మీద గుర్తు చూడండి, మల్టీమీటర్ పెట్టి మరీ చూడండి. ఫ్యామికామ్‌కి అమెరికా రూపమైన ఎన్‌ఈఎస్‌కి ఈ ప్లస్, మైనస్ భయం లేదు, దాని లోపల బ్రిడ్జ్ రెక్టిఫయర్ ఉంది. ఫ్యామికామ్ క్యాసెట్‌కి 60 పిన్నులు, ఎన్‌ఈఎస్‌కి 72, ఒకటి ఇంకోదాంట్లో పట్టదు. పాత ఫ్యామికామ్ సిగ్నల్ జపాన్ టీవీ చానెళ్ల మీద వస్తుంది, మన టీవీలో కుదరదు. ఏవీ అవుట్ ఉన్న 1993 నాటి మోడల్ అయితే తలనొప్పి ఉండదు.

ఎన్‌ఈఎస్ ఎర్రలైటు సెకనుకోసారి వెలిగి ఆరుతోందంటే ఆట చెడిపోయిందని కాదు. యంత్రంలోని తాళపు చిప్‌కి క్యాట్రిడ్జ్ చిప్ నుంచి జవాబు రావడం లేదు. చాలాసార్లు కారణం మురికి పిన్నులే. దూది పుల్లకి 90 శాతం పైనున్న ఐసోప్రొపైల్ ఆల్కహాల్ అద్ది రెండువైపులా తుడిచి, పూర్తిగా ఆరాక పెట్టండి. నోటితో ఊదకండి, తడి రాగి మీద పడి నెమ్మదిగా తినేస్తుంది.

కొత్త టీవీల్లో ఇంకో బాధ ఉంది. తెర ఆలస్యం 100 మిల్లీ సెకన్లుంటే ఆరు ఫ్రేములు పోయినట్టే. 40 ఫ్రేముల బంతిలో ఆరు పోతే వేగం బంతి కొట్టలేరు, నెమ్మది బంతికి అలవాటుపడిపోతారు. టీవీలో ‘గేమ్ మోడ్’ పెట్టండి. ఎమ్యులేటర్ అయితే ఆలస్యాన్ని తగ్గించే ‘రన్ అహెడ్’ ఒక ఫ్రేము పెట్టి చూడండి. పాత పిక్చర్ ట్యూబ్ టీవీ ఇంట్లో మూల పడి ఉంటే దాన్ని అమ్మొద్దు.

చివరగా 1989లో ఎస్‌ఎన్‌కే తెచ్చిన ‘బేస్‌బాల్ స్టార్స్’. సొంత జట్టు కట్టుకుని, సీజన్ ఆడి, దాచుకోవచ్చు. దాచేది చిన్న ర్యామ్‌లో, దాన్ని బతికించేది ఒక బ్యాటరీ. ఆపేటప్పుడు రీసెట్ నొక్కిపట్టి పవర్ ఆపాలి, లేకపోతే ఆ క్షణంలో ప్రాసెసర్ చెత్త రాసి జట్టు చెరిగిపోవచ్చు. ఇన్నేళ్లకి బ్యాటరీ అయిపోయే ఉంటుంది. క్యాట్రిడ్జ్ విప్పడానికి 3.8 మిల్లీమీటర్ల గేమ్‌బిట్ స్క్రూడ్రైవర్ కావాలి. లోపల సీఆర్2032, రేకులు అతికించి ఉంటుంది. కొత్తది కూడా రేకులున్నదే కొనండి, మామూలు బ్యాటరీకి నేరుగా టంకం పెడితే వేడికి పగులుతుంది. ప్లస్, మైనస్ ఫోటో తీసుకున్నాకే పాతది విప్పండి. విప్పగానే దాచిన జట్లు పోతాయి, అందుకని బ్యాటరీలో ఇంకా ప్రాణం ఉంటే ముందు కార్ట్ డంపర్‌తో ఆ సేవ్ ఫైలుని కంప్యూటర్లోకి తీసి పెట్టుకుని, కొత్త బ్యాటరీ వేశాక తిరిగి రాయండి.